బొటనవేలి చాటు నీహారిక

అమ్మాయీ,

నీ రాతప్రతి అందింది. అరుణగర్భ అని లేని నీహారికనొకదాన్ని, అంటే చుక్కల నడుమ తేలే వాయువు, ధూళి మేఘాన్ని పుట్టించి, దానికి సైన్సు చరిత్ర, పురాణం రెండూ కల్పించి రాయాలన్న ఆలోచన బాగుంది. వాక్యం కూడా నీకు బాగానే నడుస్తుంది. ఇక అసలు సంగతికి వస్తాను.

నీ కథలో ఒక ముసలమ్మ ఉంది. మనవణ్ణి పక్కన కూర్చోబెట్టుకుని ఆకాశంలో అరుణగర్భ ఉన్న చోటు చూపిస్తుంది. వాడికి ఏమీ కనిపించదు. "సూటిగా చూస్తే పారిపోతుందిరా. కాస్త పక్కకి చూడు, అదే వస్తుంది" అంటుంది. ఆ మాట చదివి కాగితాలు కింద పెట్టేశాను. ఎక్కడిది నీకా మాట? ఎవరైనా చెప్పారా, లేక ఏదో ఒక రాత్రి నువ్వే కూర్చుని కనిపెట్టావా? మసక వెలుగుల్ని చూసే పద్ధతి సరిగ్గా అదే. కంటి వెనక తెర నడిమధ్యలో రంగుల్ని పట్టే కణాలుంటాయి. వాటికి వెలుతురు దండిగా కావాలి. చీకట్లో పనిచేసే కణాలు ఆ నడిమధ్య చోటులో ఉండవు, దాని చుట్టూ ఉంటాయి. అందుకే మసక మచ్చను తిన్నగా చూస్తే మాయమవుతుంది, చూపు కాస్త పక్కకి జరిపితే తేలుతుంది. టెలిస్కోపు పట్టుకున్న ప్రతివాళ్ళూ మొదట నేర్చుకునే విద్య ఇది. నీ ముసలమ్మకు ఎవరూ నేర్పకుండానే వచ్చు.

తర్వాతి పేరాలోనే అదే ముసలమ్మ, "చూశావా, నెత్తుటి ముద్దలా ఎలా మండుతోందో!" అంటుంది. అక్కడ మండింది నాకు.

చీకట్లో పనిచేసే కణాలకు రంగు తెలియదమ్మా. అందులోనూ ఎరుపైతే వాటికి దాదాపు కనిపించనే కనిపించదు. పక్కచూపుతో చూసిన కంటికి దొరికేది బూడిద రంగు మసక, అంతే. వేటగాడి ఆకారంలో కనిపించే ఓరియన్ నక్షత్ర మండలంలో ఓరియన్ నీహారిక ఉంది కదా, సుమారు 1,350 కాంతి సంవత్సరాల దూరంలో, ఆకాశంలో తేలిగ్గా దొరికే నీహారికల్లో మొదటిది. దానికే మామూలు కంటికి రంగు లేదు. పెద్ద టెలిస్కోపులో చూస్తే కొందరికి కాస్త ఆకుపచ్చ ఛాయ తగులుతుంది. మరి 9,000 కాంతి సంవత్సరాల దూరంలో పెట్టిన నీ అరుణగర్భకు నెత్తురు ఎక్కడినుంచి వచ్చింది? నీ ఫోన్లోంచి వచ్చింది. గంటల తరబడి వెలుగును పోగుచేసి తీసిన ఫొటోలోని రంగును తెచ్చి, కెమెరా అంటే ఏమిటో తెలియని మనిషి నోట్లో పెట్టావు.

నేను చాలాకాలంగా పట్టుకుని వేలాడుతున్న మాట ఒకటుంది. నన్నెరిగినవాళ్ళు విని విని విసిగిపోయారు, నువ్వు కొత్తదానివి కాబట్టి నీకు చెప్తాను. ఆకాశం గురించిన ఏ పురాణాన్ని తీసుకున్నా అడుగున ఒక చూపు ఉంటుంది. ఎవరో ఒకరు కళ్ళు చిట్లించుకుని, రాత్రుల తరబడి, అదే చోటు చూసి ఉంటారు. ఆ తర్వాతే దేవుళ్ళొస్తారు. మన కల్పనా రచయితలు నేరుగా దేవుళ్ళతో మొదలుపెడతారు. అందుకే వాళ్ళ పురాణాలు ఆకాశానికి అతకవు, ఏ ఆకాశానికైనా అతుకుతాయి.

మధ్య అమెరికాలోని మాయా ప్రజల సంగతి చూడు. ఓరియన్ మండలంలో ఆల్నిటాక్, సైఫ్, రైజెల్ అనే మూడు నక్షత్రాలున్నాయి. సృష్టి మొదట్లో పేర్చిన మూడు పొయ్యిరాళ్ళు అవేనన్నారు వాళ్ళు. ఆ మూడింటి నడుమ పడే ఓరియన్ నీహారికను ఏమన్నారో తెలుసా? ఆ పొయ్యిలోంచి లేచే పొగ అన్నారు. పొగ! మాణిక్యం, మందారం, అమ్మవారి నుదుటి కుంకం అనలేదు. కంటికి ఎలా కనబడిందో అలా అన్నారు. ఆ ఒక్క మాటతో నాకు ఆ మనుషుల మీద ఎంత నమ్మకం కుదిరిందో చెప్పలేను.

ఆస్ట్రేలియాలో విక్టోరియా వాయవ్య ప్రాంతపు బూరాంగ్ ప్రజలది ఇంకా గొప్ప సంగతి. మనం అగస్త్య నక్షత్రం అనేది వాళ్ళకు కాకి. కెరీనా నీహారికలో ఈటా కెరీనా అనే నక్షత్రం ఉంది. అది అంతకంతకూ పెరిగి 1843లో, రాత్రి ఆకాశంలో అన్నిటికంటే వెలుగైన చుక్క సిరియస్ తర్వాత అంతటి వెలుగైంది. తర్వాత మెల్లగా తగ్గుతూ పోయింది. 1850లలో విలియం స్టాన్‌బ్రిడ్జ్ అనే ఆయన బూరాంగ్ వాళ్ళ దగ్గర కూర్చుని వాళ్ళ చుక్కల పేర్లు రాసుకున్నాడు. అందులో కాకికి ఒక భార్య ఉంది. ఎరుపు రంగు పెద్ద చుక్క అని రాసుకున్నాడు. ఆ భార్య ఈటా కెరీనాయేనని పరిశోధకులు 2010లో గుర్తించారు. ఇది చదివిన రోజు నాకు నిద్ర పట్టలేదు. ఎక్కడో ఒక మహా నక్షత్రం తన ఒంట్లోంచి సూర్యుళ్ళకు సూర్యుళ్ళను బయటికి కక్కుకుంటే, ఇక్కడ కొద్దిమంది మనుషులు తలెత్తి చూసి, ఆ వెలుగుకు ఒక ఇంట్లో చోటిచ్చారు. అన్నట్టు, అక్కడ ఎరుపు ఉంది, గమనించావా? అంత ప్రకాశం ఉంది కాబట్టి కన్ను రంగును పట్టింది. నేను ఎరుపుకు శత్రువును కాను. ఎరుపు రావాలంటే తగినంత వెలుగు ఉండాలంటాను.

మన ఐతరేయ బ్రాహ్మణంలోని కథ నీకు తెలిసే ఉంటుంది. ప్రజాపతి మగజింకై కూతురు రోహిణి వెంటపడతాడు, దేవతలు మండిపడతారు, రుద్రుడు మూడు ముక్కల బాణంతో కొడతాడు. ఆ జింకే మృగశిర, బాణం ఓరియన్ నడుములోని మూడు చుక్కలు. ఈసారి ఆ మూడు చుక్కల గీతను రెండువైపులా పొడిగించి చూడు. ఒకవైపు పోతే వేటగాడి చుక్క సిరియస్ దగ్గరికి, రెండోవైపు పోతే రోహిణి దగ్గరికి తీసుకుపోతుంది. కథలో ఎవరు ఎవరి వెంట పడ్డారో, బాణం ఎటునుంచి ఎటు వచ్చిందో, అంతా ఆకాశంలో కొలతల ప్రకారం ఉంది. నీ అరుణగర్భ పురాణంలో ఏడుగురు దేవతలు, ఒక శాపం, ఒక యుద్ధం ఉన్నాయి. వాటిలో ఒక్కటైనా ఆకాశంలో ఫలానా దిక్కున, ఫలానా చుక్క పక్కన అని చూపించగలవా? ఆ నీహారిక ఏ నెలలో సాయంత్రం వేళ పైకొస్తుందో కూడా రాయలేదు నువ్వు.

ఈ ప్రజాపతి కథ ఎక్కడైనా చెప్పానంటే చాలు, "చూశారా, నీహారికలో నక్షత్రాలు పుడతాయని మనవాళ్ళకు అప్పుడే తెలుసు" అంటూ ఎవరో ఒకరు లేచి నిలబడతారు. ఈ ఫ్యాషన్ చూస్తే నాకు ఒళ్ళుమంట. చూసినవాణ్ణి చూసినంత మేరకు మెచ్చుకోవడం చేతకాక, చూడనిదాన్ని కూడా వాడి ఖాతాలో వేస్తారు. నీ రాతలోనూ ఆ వాసన తగిలింది. "అరుణగర్భలో క్షణక్షణం నక్షత్రాలు జన్మిస్తాయని ప్రాచీనులు దివ్యదృష్టితో దర్శించారు" అని ఉంది. ముందు లెక్క చూద్దాం. మన పాలపుంత మొత్తం కలిపి ఏడాదికి పుట్టించేది ఒకటి రెండు సూర్యుళ్ళంత సరుకు. ఓరియన్ నీహారికలో రెండు మూడు వేల నక్షత్రాలు పుట్టడానికి ఇరవై ముప్ఫై లక్షల ఏళ్ళు పట్టింది. అంటే సగటున వెయ్యేళ్ళకొకటి. క్షణక్షణం ఎక్కడ? నీ ముసలమ్మ తాతముత్తాతల్లో ముప్ఫై నలభై తరాలు కాపలా కాస్తే ఒక్క కాన్పు. అదీ తెర వెనక జరుగుతుంది, ఎవరికీ కనిపించదు.

ఆ తెర సంగతి కూడా చెప్పాలి, ఎందుకంటే అక్కడే నువ్వు చేతికొచ్చినదాన్ని వదిలేసుకున్నావు. నీ కథలో నక్షత్రాలు ఎర్రటి వెలుగులో పుడతాయి. నిజానికి పుట్టేది చీకట్లో. హైడ్రోజన్ అణువులు, ధూళి కలిసిన మేఘాలు, సున్నాకు 250 డిగ్రీలకు పైగా దిగువన గడ్డకట్టే చలి. ఆ చలి ఉండబట్టే వాయువుకు తిరగబడే శక్తి తగ్గి, సొంత బరువుకు లోపలికి కుంగిపోతుంది. ఎక్కడ బరువు గెలుస్తుందో జేమ్స్ జీన్స్ 1902లోనే లెక్క కట్టాడు. కుంగి కుంగి నడుమ వేడెక్కి, కోటి డిగ్రీల దగ్గర హైడ్రోజన్ మండడం మొదలవుతుంది. మన సూర్యుడిలాంటిదానికి ఇదంతా కుదురుకోవడానికి ఓ అయిదు కోట్ల ఏళ్ళు. నువ్వు చూసి మురిసిపోయిన ఎరుపు పుట్టుక తర్వాతి సంగతి. పుట్టినవాటిలో బాగా బరువైన నక్షత్రాలు అతినీలలోహిత కాంతితో చుట్టూ ఉన్న హైడ్రోజన్‌ను చీలుస్తాయి, అది మళ్ళీ అతుక్కునేటప్పుడు ఎర్రటి వెలుగు వస్తుంది. ఆ వెలుగుతోనే మేఘం చెదిరిపోవడం కూడా మొదలవుతుంది. పెద్దకొడుకు పుట్టగానే ఇల్లు పడగొట్టే కథ ఇది. ఇంత కథ చేతిలో పెట్టుకుని నువ్వు శాపం ఎక్కడినుంచో అరువు తెచ్చుకున్నావు.

చీకటిని చూసిన జాతులు కూడా ఉన్నాయి. ఆండీస్ పర్వతాల్లో ఇన్కాల కాలం నుంచి పాలపుంతలోని నల్ల మరకల్ని జంతువులుగా చూశారు. యకానా అనే లామా ఉంది, దాని కళ్ళు ఆల్ఫా, బీటా సెంటారీ నక్షత్రాలు, ఒళ్ళంతా చీకటే. ఆస్ట్రేలియా ఆదివాసుల్లో చాలామందికి అదే ఆకాశంలో ఈమూ పక్షి కనిపిస్తుంది. దాని తల కోల్‌సాక్ అనే నల్ల నీహారిక. విలియం హెర్షెల్ అంతటి ఖగోళ శాస్త్రవేత్త అలాంటి మరకొకటి చూసి ఆకాశానికి చిల్లు పడిందన్నాడు. అది చిల్లు కాదనీ, అడ్డం వచ్చిన ధూళి అనీ ఖాయం కావడానికి 20వ శతాబ్దం రావలసి వచ్చింది. బర్నార్డ్ అనే ఆయన నల్ల మచ్చల్ని ఒక్కొక్కటిగా ఫొటోలు తీసి 1919లో పట్టిక వేశాడు. లామాను చూసినవాళ్ళు అక్కడ నక్షత్రాలు పుడతాయని చెప్పలేదు. అక్కడ ఏదో ఉంది అన్నారు. శూన్యం అనుకోలేదు. నాకు అది చాలు. నీ ముసలమ్మకు అరుణగర్భ అంచున ఒక నల్లటి గీత చూపించు, దానికొక కథ పెట్టు. పుట్టుక సంగతి ఆమెకు తెలియనక్కర్లేదు, చదివేవాడికి తెలిస్తే చాలు.

ఇప్పుడు బొటనవేలి సంగతి. నీ నీహారిక 9,000 కాంతి సంవత్సరాల దూరంలో ఉంది, వెడల్పు 300 కాంతి సంవత్సరాలు అని మొదటి పేజీలోనే రాశావు. శభాష్, అంకెలు ఇచ్చావు. ఇచ్చి వాడుకోలేదు. భాగహారం చేస్తే అది ఆకాశంలో దాదాపు రెండు డిగ్రీలు పరుచుకుంటుంది. పున్నమి చంద్రుణ్ణి నాలుగుసార్లు పక్కపక్కన పెట్టినంత. చెయ్యి బారుగా చాపి బొటనవేలు నిలబెడితే ఆ వేలు కప్పేది కూడా ఇంచుమించు రెండు డిగ్రీలే. అంటే అరుణగర్భ మొత్తం మనవడి బొటనవేలి చాటున దాక్కుంటుంది! లక్షల ఏళ్ళ వయసు, వేల నక్షత్రాలు, అంతా వాడి వేలి వెనక. వాడు వేలు తీస్తాడు, పెడతాడు, తీస్తాడు, పెడతాడు. ముసలమ్మ కసురుకుంటుంది. నీ ఏడుగురు దేవతలూ కలిసి నాకివ్వలేనిది ఆ పిల్లాడి వేలు ఇస్తుంది. మొదటి పేజీలో నువ్వు పెట్టిన రెండు అంకెలు తప్ప నేను కొత్తగా తెచ్చిందేమీ లేదు ఇక్కడ.

అంకెలంటే గుర్తొచ్చింది. ఒక వారపత్రికకు ఓరియన్ నీహారిక మీద వ్యాసం రాసిచ్చాను చాలా ఏళ్ళ కిందట. అచ్చులో చూసుకుంటే అంకెలన్నీ ఎగిరిపోయాయి. "బూడిద రంగు మరక" అని రాసినచోట "పద్మరాగ కాంతుల పుష్పగుచ్ఛం" అని ఉంది. పక్కన వేసిన బొమ్మ ఓరియన్ నీహారికది కూడా కాదు, ఇంకెక్కడిదో. వెళ్ళి అడిగితే ఆ సంపాదకుడు తల కూడా ఎత్తకుండా, "బూడిద రాస్తే ఎవడు కొంటాడండీ" అన్నాడు. ఆయన పోయి చాలాకాలమైంది. పోయినవాళ్ళ మీద కోపం పెట్టుకోకూడదంటారు కానీ, ఆ పుష్పగుచ్ఛం మాత్రం నాకు ఇప్పటికీ గుచ్చుకుంటూనే ఉంది. ఆ రోజుల్లో నేను ఒక పాత బైనాక్యులర్, తర్వాత ఒక చిన్న టెలిస్కోపు సంపాదించడానికి పడ్డ పాట్లు వేరే. అరువు తెచ్చుకున్నవాటికి ఎప్పుడూ ఏదో ఒక కటకం మసకబారి ఉండేది. అయినా ఆ చిన్నదానిలోనే ఓరియన్ నడుము కింద కత్తిలా వేలాడే చుక్కల వరస మధ్యలో నాలుగు చుక్కలు ఇరుక్కుని కూర్చుని ఉండటం చూశాను. వాటి చుట్టూ బూడిద రంగు వెలుగు. కళ్ళు చీకటికి అలవాటు పడేకొద్దీ, అరగంట గడిచేసరికి, ఆ వెలుగులోకి ఒక నల్లటి వంపు చొచ్చుకొచ్చి కనిపించింది. అది మొదటినుంచీ అక్కడే ఉంది, నా కన్నే ఆలస్యంగా వచ్చింది. ఆ నాలుగింటిలో ఒకదాని పేరు తీటా-1 ఓరియొనిస్ సి, ఉపరితలం వేడి సుమారు 40,000 డిగ్రీలు. ఆ నీహారిక అంతటినీ వెలిగిస్తున్నది చాలావరకు అదొక్కటే.

నీ కథలోని అంతరిక్ష నౌక కెప్టెన్ దగ్గరికి వస్తాను. నౌక అరుణగర్భలో దూరగానే కళ్ళు చెదిరే ఎర్రటి వెలుగు, మేఘాల కుదుపులు, ఉరుములు. ఒక్కటీ జరగదు. తెల్లటి గోడ దగ్గరికి నడిచి చూడు. గోడ పెద్దదవుతుంది, తెలుపు పెరగదు. నీహారికా అంతే. సగం దూరం దగ్గరైతే నాలుగింతల వెలుగు వస్తుంది, కానీ అది నాలుగింతల చోటులో పరుచుకుంటుంది, కాబట్టి కంటికి ఎప్పటి మసకే. లోపలికి పోతే ఆ మసక నాలుగు దిక్కులా ఉంటుంది. కెప్టెన్ దీపాలార్పి కూర్చుంటే తప్ప అది కూడా తెలియదు. ఇక కుదుపులా? మనం పీల్చే గాలిలో ఒక ఘన సెంటీమీటరుకు అణువులు 25 పక్కన 18 సున్నాలు పెట్టినన్ని. వెలిగే నీహారికలో అదే చోటుకు వందలు, వేలు, బాగా చిక్కగా ఉన్నచోట పదివేల చిల్లర. ప్రయోగశాలలో మనం మామూలుగా చేసే శూన్యాలకంటే అదే ఎక్కువ ఖాళీ. అయినా దూరంనుంచి మేఘంలా ఎందుకు కనిపిస్తుందంటే లోతు కాంతి సంవత్సరాల లెక్క కాబట్టి. కెప్టెన్ అంత దూరం వెళ్ళింది అరుణగర్భను చూడటానికి. చేరాక అది కనిపించదు. వాడి ముఖం ఎలా ఉంటుందో రాయి. ఉరుములు రాయడం ఎవరికైనా వస్తుంది.

సైన్సు చరిత్ర భాగం మీద నాకు ఇంకా కోపముంది. "1923లో ఒక యువ శాస్త్రవేత్త ఒకే ఒక్క రాత్రిలో అరుణగర్భ రహస్యాన్ని ఛేదించి, దాని ఎరుపు చూసి ఆ పేరు పెట్టాడు" అన్నావు. 1923లో ఫొటో పలకల మీద పడేది నలుపు తెలుపే. పాలోమార్ వేధశాల నీహారికల రంగు ఫొటోలు లోకానికి చూపించింది 1959లో. పైగా ఒక్క రాత్రిలో ఏ నీహారికా లొంగలేదు. గెలీలియో 1610లో ఓరియన్ నడుము, కత్తి భాగాల్లో టెలిస్కోపుతో చుక్కలన్నీ గీసుకున్నాడు, నీహారిక మాట ఎత్తలేదు. అదే ఏడు చివర్లో పైరెస్క్ అనే ఫ్రెంచి ఆయన గమనించాడు, గమనించి ప్రచురించకుండా ఊరుకున్నాడు. 1656లో డచ్చి శాస్త్రవేత్త హైగెన్స్ మళ్ళీ కనిపెట్టి బొమ్మ గీశాడు. అది దూరపు నక్షత్రాల గుంపా, వాయువా అన్న పేచీ తర్వాత రెండు వందల ఏళ్ళు నడిచింది. 1864లో విలియం హగ్గిన్స్ వేరే నీహారిక ఒకదాని వెలుగును పట్టకంలోంచి పంపి చూస్తే, నక్షత్రాల్లో కనిపించే పూర్తి వర్ణపటం లేదు, కొన్ని ఒంటరి గీతలున్నాయి. వాయువన్నమాట. మరుసటి ఏడు ఓరియన్‌లోనూ అంతే. ఆ గీతల్లో ఆకుపచ్చవి రెండు భూమి మీద తెలిసిన ఏ మూలకానికీ సరిపోలేదు. దాంతో లేని మూలకం ఒకటి పుట్టింది. దానికి నెబ్యులియం అని పేరు కూడా పెట్టారు. 1927లో ఐరా బోవెన్ వచ్చి, అది రెండు ఎలక్ట్రాన్లు పోగొట్టుకున్న మామూలు ఆక్సిజన్ అని తేల్చేదాకా సైన్సు ఆ పురాణాన్ని మోసింది. ఆ గీతలు భూమి మీద ఎందుకు కనిపించలేదో తెలుసా? ఇక్కడ అణువులు ఒకదాన్నొకటి గుద్దుకుంటూ ఉంటాయి, ఆ వెలుగు విడిచే తీరిక ఉండదు. నీహారికలో ఉన్నంత ఖాళీ ఉంటేనే అది వస్తుంది. నీ కెప్టెన్ తేలుతున్నది ఆ ఖాళీలోనే.

నువ్వు కూడా "అరుణియం" అని కొత్త మూలకం ఒకటి పెట్టావు. ఉంచు, నాకు నచ్చింది. కాకపోతే కథ చివరిదాకా దాన్ని నిలబెట్టకు, ఎవరిచేతనైనా పడగొట్టించు. పడిపోయినప్పుడు దాన్ని నమ్మి ముప్ఫై ఏళ్ళు పనిచేసిన మనిషి ఒకరు గదిలో ఉండాలి.

ఆ యువ శాస్త్రవేత్తను మాత్రం తీసెయ్. కావాలంటే విలియమినా ఫ్లెమింగ్ గురించి చదువు. హార్వర్డ్ వేధశాల డైరెక్టర్ పికరింగ్ ఇంట్లో పనిమనిషిగా చేరింది. తర్వాత వేధశాలలో ఫొటో పలకలు పరిశీలించే పనిలోకి వచ్చింది. గాజు పలక మీద వెలుగంతా నల్లగా, చీకటంతా తెల్లగా పడుతుంది. ఆ తలకిందుల బొమ్మలో, 1888లో తీసిన పలక మీద, ఓరియన్ నడుము కింద ఒక చిన్న గంటు చూసింది. ఇవాళ గుర్రపు తల నీహారిక అని ప్రతివాళ్ళూ గోడకు తగిలించుకునేది అదే. తర్వాత వచ్చిన పట్టికలో ఆమె పేరు లేదు, పికరింగ్ పేరే ఉంది. ఈమె మీద నేను రాసిన వ్యాసాన్ని ఒక మాసపత్రిక వాళ్ళు తిప్పి పంపారు. "ఇందులో మలుపు ఏదీ?" అని పైన పెన్సిల్‌తో రాసి ఉంది. ఆ కాగితం ఇంకా నా దగ్గరుంది.

ఈ కథను పోటీకి పంపనా అని అడిగావు కదా, ఆ ఒక్కటి చెప్తాను. పంపకు. పోటీల న్యాయనిర్ణేతలకు పొద్దున్నే కట్టలు కట్టలు చదవాలి, "అనంత విశ్వంలో" అని మొదలైతే వాళ్ళకు పని తేలిక. నీది కూడా అలాగే మొదలైంది, అది వేరే సంగతి. ఆ మొదటి పేరా మొత్తం కొట్టెయ్. కథ ముసలమ్మ చూపిన వేలుతో మొదలవ్వాలి.

అరుణగర్భ అనే పేరు ఉంచుకో. అయితే అది రంగుల ఫొటోలు వచ్చాక పుట్టిన పేరని కథలో ఎక్కడో ఒకచోట తెలియాలి. ముసలమ్మ వాళ్ళు దాన్ని ఇంకేదో అనుకుని ఉంటారు. బూడిద రంగులో, బొటనవేలంత, తిన్నగా చూస్తే పారిపోయేదాన్ని ఏమనుకుంటారు? నేను చెప్పను. మబ్బు లేని రాత్రి ఒకటి చూసుకుని, ఫోను ఇంట్లో పడేసి, ఓరియన్ కత్తిని కాసేపు చూసిరా. అరగంటకు తక్కువైతే లెక్కలోకి రాదు. మధ్యలో ఎవరైనా దీపం వేస్తే మళ్ళీ మొదటినుంచీ.

మళ్ళీ పంపేటప్పుడు పేజీలకు నంబర్లు వెయ్యి. కాగితాలు చేతిలోంచి జారి కలిసిపోయాయి. చచ్చిపోయిన కెప్టెన్ రెండు పేజీల తర్వాత లేచి డైరీ రాసుకుంటుంటే, ఇదేదో కొత్త ప్రయోగం కాబోలనుకుని కాసేపు మెచ్చుకున్నాను కూడా.